పద్నాలుగో నంబరు ట్యాంకు

శుక్రవారం, ఉదయం పదకొండూ అయిదు. ఏడో నంబరు పూల షెడ్డు తలుపు దగ్గర నిలబడి ల్యాబమ్మ పోలీసు కాగితాన్ని మూడోసారి చదివింది. చదివిన ప్రతిసారీ ఒళ్ళు మండిపోతోంది. ఆ మంట పోలీసుల మీద కాదు, తన మీదే.

'మృతుని పక్కన సగం ఖాళీ అయిన సీసా లభించినందున, పురుగుల మందు స్వయంగా సేవించి మరణించినట్లు భావించడమైనది.'

ఆ వాక్యం తనదే. ఆరేళ్ళ కిందట, ప్రభుత్వ ల్యాబులో విషాల పరీక్షలు చేసే రోజుల్లో, ఇదే తోటలో మందు కొట్టే ఒక పొడుగు మనిషి చచ్చిపోతే తన చేత్తో తనే రాసింది. పోలీసులు అక్షరం పొల్లు పోకుండా ఎత్తి రాసుకున్నారు, మహానుభావులు! ఆ రోజు సీసాతో పాటు ఒక సంచీలో ఆ పొడుగాయన చొక్కా కూడా వచ్చింది. చొక్కా చూడమని ఎవరూ అడగలేదు. అడగలేదు కదా అని తను సంచీ ముడి కూడా విప్పలేదు. అయిదున్నర బస్సు తప్పిపోతుందని తొందర. అంతకు మించి గొప్ప కారణం ఏమీ లేదు.

రిటైరై, ఇంటి ముందు గదికి డిటెక్టివ్ బోర్డు తగిలించుకున్నాక కూడా ఆ సంచీ ఆమెను వదల్లేదు. అయినా ఆ సంగతి తనకొక్కదానికే తెలుసనుకుంది. నిన్న పొద్దున్న కత్తెరమ్మ వచ్చి ఎదురు కుర్చీలో కూర్చునేదాకా అలాగే అనుకుంది.

కత్తెరమ్మ ఈ తోటలోనే పూలు కోస్తుంది. చేతిలో కత్తెర ఎంత పదునో నోరూ అంతే పదును. మంగళవారం ఈ ఏడో షెడ్డులో చచ్చిపోయిన పెద్దోడు ఆమె మొగుడు.

"ఆ పొడుగాయన రిపోర్టు రాసింది మీరేనటగా?" అంది రావడంతోనే. "అది చూపించే మా ఆయన కేసు కూడా మూసేశారు. మీరే తెరవండి."

"ఏం కావాలమ్మా నీకు?"

"మా ఆయన తాగలేదని తేలాలి. ఎనిమిదేళ్ళ పిల్ల ఉంది నాకు. 'నాన్నకి మనమంటే ఇష్టం లేదా అమ్మా?' అని అడిగింది మొన్న. ఏం చెప్పమంటారు దానికి? మీరే చెప్పండి."

మర్నాడు తోటకి వస్తానంది ల్యాబమ్మ. అందుకే ఇప్పుడు ఇక్కడుంది.

షెడ్డంటే షెడ్డు కూడా కాదు. ఇనుప కమ్మీల మీద కప్పిన ప్లాస్టిక్కు. లోపల ఇరవై నాలుగు మళ్ళు, మధ్యలో సిమెంటు బాట. తలుపుకి ఒక పలక వేలాడుతోంది. మందు కొట్టడం మొదలెట్టిన టైము దాని మీద సుద్దతో రాస్తారు. 'మందు 9.10' అన్న మంగళవారం నాటి రాత ఇంకా చెరగలేదు.

"మీ ఆయన పడి ఉండడం కనబడింది ఎన్నింటికి?" అంది పక్కనున్న కత్తెరమ్మతో.

"పదీ నలభైకి. మా మరిదీ, సేఫ్టీ సారూ చూశారంట. నేను అప్పుడు అవతల ప్యాకింగు గదిలో ఉన్నా. నాకు చెప్పేసరికి పదకొండున్నర."

ల్యాబమ్మ చేతులకు తొడుగులు వేసుకుని, మోకాళ్ళ మీద కూర్చుంది. ఆ మోకాళ్ళు అందుకు ఒప్పుకోలేదు గానీ, వాటి మాట ఎవరు వింటారు? మొదటి మడి నుంచి ఒక్కొక్క మొక్కే చూసుకుంటూ పోయింది. ఆకుల మీద మందు ఎండి తెల్లటి పొరలా మెరుస్తోంది. రెండు వైపులా, పైనా కిందా, శ్రద్ధగా కొట్టిన చెయ్యి అది. పదకొండో మడి దాకా అలాగే ఉంది. పదకొండో మడి సగంలో ఆగిపోయింది.

"చావాలనుకున్నవాడు పదకొండు మళ్ళు ఆకు వెనక్కి తిప్పి మరీ కొట్టి చస్తాడా?" అంది ల్యాబమ్మ.

"మా ఆయన పని అలాగే ఉంటుంది" అంది కత్తెరమ్మ. ఆ మాటలో గర్వం ఉంది.

ఈసారి ల్యాబమ్మ బాట చూసింది. సిమెంటు మీద కూడా తెల్లటి మచ్చలున్నాయి. మొదటి మూడు మళ్ళ పక్కన చుక్క కూడా లేదు. నాలుగో మడి దగ్గర నుంచి అడుగుకో చుక్క. ఎనిమిదో మడి దగ్గరికొచ్చేసరికి అరచేతి వెడల్పున మడుగులు కట్టి ఎండిపోయాయి. అన్నీ బాట మధ్యలో, నడిచే మనిషి మడమల వెనకే పడ్డట్టున్నాయి.

"వీపు మీది ట్యాంకు కారింది. ధారగా కారింది" అంది. "ఆ మందు నోట్లోకే పోనక్కర్లేదమ్మాయ్. గంటన్నర వీపు తడిసి ఉంటే చాలు, చర్మం లోంచే లోపలికి దిగిపోతుంది. ఒంటి మీది చొక్కా ఏదీ?"

"కాల్చేశారంట. మైల పడ్డ బట్టలు ఉంచకూడదని సేఫ్టీ సారు దగ్గరుండి కాల్పించాడంట."

ఈసారి సంచీ ముడి విప్పాలని ల్యాబమ్మ ఎంత అనుకున్నా, విప్పడానికి సంచీయే మిగల్లేదు. ఆమె గట్టిగా నిట్టూర్చి, ఫైల్లోంచి పెద్దోడి పక్కన దొరికిన సీసా ఫొటో తీసింది. అల్యూమినియం సీసా. మూత లేదు. మూత కింద ఉండే రేకు సీలు మాత్రం అలాగే ఉంది. సీలుకి నట్టనడుమ మేకు పట్టేంత రంధ్రం ఒకటుంది.

అలాంటి రంధ్రాన్ని ఆమె ఇంతకు ముందు చూసింది. ఆరేళ్ళ కిందటి రిపోర్టులో రెండో పేజీలో 'సీలుకు ఒక రంధ్రం కలదు' అని రాసింది కూడా. రాసింది గానీ, ఎందుకు ఉందని అనుకోలేదు. ముప్పై ఏళ్ళ సర్వీసు, మూడు మెడల్సు! తగలెయ్యనా?

* * *

పదకొండూ ముప్పై అయిదుకి ఇద్దరూ స్టోరు కిటికీ ముందున్నారు. స్టోరు గుమాస్తా బక్కపల్చటి మనిషి. మాట్లాడేముందు ఎడమ పక్కకీ కుడి పక్కకీ చూసుకునే అలవాటు.

"ఖాళీ సీసాలు చూపించు" అంది ల్యాబమ్మ.

"ఎందుకండీ అమ్మగారూ?"

"ఇంట్లో పెట్టుకుని చూసుకుంటా. చూపించవయ్యా!"

గుమాస్తా పెట్టె లాగాడు. అందులో నలభై దాకా ఖాళీ సీసాలున్నాయి. ప్రతి సీలుకీ నట్టనడుమ ఒకటే రంధ్రం.

"రేకు పూర్తిగా చింపరేం?"

"చింపితే వంచేటప్పుడు భళుక్కున చేతుల మీద పడుద్దండి. కాలనీ నుంచొచ్చే రోజుకూలీలకి చేతి తొడుగులు ఇవ్వరు గదా. అందుకని మేకుతో ఒక్క బొక్క పెట్టి, డ్రమ్ము మూతిలో బోర్లించి వదిలేస్తారు. అదే సన్నగా కారి ఖాళీ అయిపోద్ది. ఈలోపు వేరే పని చూసుకోవచ్చు."

ల్యాబమ్మ ఒక ఖాళీ సీసా తీసుకుంది. సీలు జోలికి పోకుండా అడుగు పక్క బెజ్జం పెట్టించి, నీళ్ళు నింపించి, ఆ బెజ్జాన్ని మైనంతో మూయించింది. తరవాత సీసా బోర్లించి గడియారం చూసింది. నీళ్ళు దారపు పోగులా దిగాయి. సగం సీసా ఖాళీ కావడానికి ఆరు నిమిషాల ఇరవై సెకన్లు పట్టింది.

"చూశావా అమ్మాయ్? తాగేవాడు రేకు చింపి గడగడా తాగుతాడు గానీ, ఆరు నిమిషాలు నోరు తెరుచుకుని చుక్కలు పట్టుకుంటూ కూర్చోడు. ఈ సీసా తాగడానికి తెరిచింది కాదు, కలపడానికి తెరిచింది. ఖాళీ అయిన సగం డ్రమ్ములోకే పోయింది. మీ ఆయన పడిపోయాక ఎవరో దాన్ని డ్రమ్ము దగ్గర నుంచి తెచ్చి పక్కన పెట్టారు."

కత్తెరమ్మ రెండు చేతులతో మొహం కప్పుకుంది. ఏడుపో ఊరటో ఆమెకే తెలియదు. "నా తల్లీ! తాగలేదు. మా ఆయన తాగలేదు" అని అదే మాట నాలుగుసార్లు అంది.

ల్యాబమ్మ మాత్రం ఆ సంతోషంలో పాలు పంచుకోలేకపోయింది. ఇంకో ప్రశ్న మిగిలే ఉంది. అడక్క తప్పదు.

"మంగళవారం మందు కలిపింది ఎవరు?"

గుమాస్తా ఎడమకి చూశాడు. కుడికి చూశాడు. చివరికి కత్తెరమ్మను చూసి తల దించుకున్నాడు. "కలిపే పని ఎప్పుడూ చిన్నోడిదేనండి. మేకు వాడి దగ్గరే ఉంటది. సీసా వాడి చేతికే ఇచ్చా."

చిన్నోడంటే కత్తెరమ్మ మరిది. పెద్దోడికి ఒక్కగానొక్క తమ్ముడు.

"అయితే ఏంటంట?" అంది కత్తెరమ్మ విసురుగా. "కలిపితే కలిపాడు. వాడు నా చేతి అన్నం తిని పెరిగాడు. సీసా అక్కడ పెట్టింది ఇంకెవరో."

ల్యాబమ్మ ఆమె వైపు చూడలేదు. "ట్యాంకులేవీ?" అంది గుమాస్తాతో.

ట్యాంకులు రెండు వరసల్లో ఉన్నాయి. పైన నీలం రంగువి, కొత్తవి. కింద పాతవి. వాటి మీద ఎర్ర రంగుతో అడ్డగీతలు కొట్టి ఉన్నాయి.

"ఎర్ర గీత అంటే?"

"పనికిరావని పక్కన పెట్టినవండి. వాషర్లు పోయినవి, పగిలినవి."

"మరి ఇక్కడెందుకున్నాయి?"

"నీలంవి పర్మినెంటు వాళ్ళకండి. ఇవి కాలనీవాళ్ళకి." చెప్పాక గానీ తనేం చెప్పాడో గుమాస్తాకి తట్టలేదు. మొహం ఎర్రబడింది. "నేను పైవాళ్ళకి చెప్పానమ్మగారూ, చాలాసార్లు చెప్పా. వినలేదు. తరవాత చెప్పడం మానేశా. నాకూ ఇల్లుంది గదండీ."

"పెద్దోడు మోసింది ఏ నంబరు?"

"పద్నాలుగు."

కింది వరసలో పదమూడు ఉంది, పదిహేను ఉంది. మధ్యలో ఖాళీ.

"పద్నాలుగు ఏదయ్యా?"

"పొద్దున్నే చిన్నోడు పట్టుకెళ్ళాడండి. వేరేది ఇస్తానన్నా వినలేదు. అదే కావాలన్నాడు. తొమ్మిదో షెడ్డుకి."

కత్తెరమ్మ అప్పటికే పరుగెడుతోంది.

* * *

తొమ్మిదో షెడ్డు తలుపుకి అడ్డంగా బొంగరం నిలబడి ఉన్నాడు. ఇస్త్రీ చొక్కా, మెడలో 'సేఫ్టీ ఆఫీసర్' అని కార్డు. ఆరేళ్ళ కిందట ల్యాబులో ఆమె దగ్గర అసిస్టెంటు. కుదురుగా ఒక చోట నిలబడేవాడు కాదని ఆ పేరు పెట్టింది ఆమే. ఇప్పుడు మాత్రం స్తంభంలా నిలబడ్డాడు.

"మేడమ్! ఎన్నాళ్ళకి!"

"పక్కకి జరుగు."

బొంగరం పలక చూపించాడు. 'మందు 10.20. మూడింటి దాకా లోపలికి రాకూడదు.' "రూలు మేడమ్. మీ ఆరోగ్యం కోసమే."

"మరి లోపలున్నవాడి ఆరోగ్యం మాటేమిట్రా?"

"వాడికి శిక్షణ ఇచ్చాం. సంతకం కూడా పెట్టాడు." గొంతు తగ్గించాడు. "మేడమ్, పని నేర్పిన గురువు మీరు. అందుకే చెప్తున్నా. మీరీ కేసు కదిలిస్తే ఆ పొడుగాయన కేసూ కదులుతుంది. 'సేవించినట్లు' అన్నది మీ మాట. కింద సంతకం మీది. కోర్టులో ముందు నిలబెట్టేది నన్ను కాదు."

"బాగా చదువుకున్నావు."

"మీరు నేర్పిందే గదా. అడిగినదానికే జవాబు రాయాలి, అడగనిది చూడకూడదని."

ఆ మాట చెంప మీద కొట్టినట్టు తగిలింది. నేర్పింది నిజమే. పని తొందరగా తెమలాలని, అదేదో తెలివైన మాటలా, టీ తాగుతూ నవ్వుతూ చెప్పింది. వీడు దాన్ని పట్టుకుని బతికేస్తున్నాడు. దాన్ని పట్టుకునే ఇద్దరు మనుషుల చావుల్ని తుడిచేశారు.

ఆమె పోలీసు కాగితం వెనక్కి తిప్పి, తలుపు మీదే పెట్టుకుని రాసింది. 'ఆరేళ్ళ కిందటి నా రిపోర్టు తప్పు. చొక్కా నాకు చేరింది. నేను పరీక్షించలేదు. సీసా సీలు చూసి కూడా ప్రశ్నించలేదు. ఆ మనిషి తాగాడని చెప్పే ఆధారం నా దగ్గర అప్పుడూ లేదు, ఇప్పుడూ లేదు.' కింద సంతకం, తేదీ, టైము పన్నెండూ నాలుగు. మడిచి కత్తెరమ్మ చేతిలో పెట్టింది.

"ఇది నీ దగ్గరుంచమ్మాయ్. నేను మాట మార్చినా ఇది మారదు." తరవాత బొంగరం వైపు తిరిగింది. "ఇక నన్ను దేంతో బెదిరిస్తావు?"

కత్తెరమ్మ అతన్ని భుజంతో ఒక్క తోపు తోసి తలుపు లాగేసింది.

లోపల పొగమంచులా మందు. పదో మడి దగ్గర చిన్నోడు నడుస్తున్నాడు. వీపు మీద ఎర్ర గీత ట్యాంకు. నడుము నుంచి మోకాళ్ళ దాకా బట్టలు నల్లగా తడిసిపోయి ఉన్నాయి. నడిచిన దారంతా మడుగులు.

"ఒరేయ్ చిన్నా! దించరా దాన్ని!"

వాడు తిరిగాడు. పాతికేళ్ళ కుర్రాడు, మొహం నిండా చెమట. పెదవి చివర నుంచి చొంగ కారుతోంది, తుడుచుకోవాలన్న ధ్యాస లేదు.

"ఎవరూ, వదినా?" అన్నాడు కళ్ళు చికిలించి. "అప్పుడే పొద్దుగూకిందా? చీకటిగా ఉందేంటి?"

మిట్ట మధ్యాహ్నం పన్నెండూ ఎనిమిది. ప్లాస్టిక్కు మీద ఎండ ఫెళ్ళున కాస్తోంది. వాడి కళ్ళలో నల్లగుడ్లు సూదిమొనంత అయిపోయాయి, మందు ఒంట్లోకి దిగిందనడానికి గుర్తు అది. ఇద్దరూ కలిసి పట్టీలు తప్పించి, ట్యాంకు కింద పడేసి, వాణ్ని బయటికి ఈడ్చుకొచ్చారు. గోడ పక్క పంపు దగ్గర కూర్చోబెట్టారు. ల్యాబమ్మ తన తొడుగులు కత్తెరమ్మకిచ్చి తొడుక్కోమంది. తను కత్తెరమ్మ కత్తెరతో తడి చొక్కాను చీల్చి, తడవని కొసలు పట్టుకుని లాగి, ప్లాస్టిక్ సంచీలో వేసి ముడేసింది.

"బొంగరం! విరుగుడు ఇంజెక్షన్ల పెట్టె! పరుగెత్తు! గుమాస్తాని ఆసుపత్రికి ఫోను చెయ్యమను!"

బొంగరం పరుగెత్తాడు. నిజంగానే పరుగెత్తాడు.

కత్తెరమ్మ మగ్గుతో నీళ్ళు గుమ్మరిస్తోంది. "ఎందుకురా ఆ దరిద్రపు ట్యాంకే ఎత్తుకున్నావు? ఎందుకు?"

"అన్న వీపు మీద కారింది గదా వదినా. నా వీపు మీదా కారొద్దా?" మాట ముద్దముద్దగా వస్తోంది. "అది కారుతోందని నాకు ముందే తెలుసు. వాషరు అడిగా, లేదన్నారు. సబ్బు అరగదీసి కూరా. మూడు మళ్ళ దాకా ఆగింది. తరవాత సబ్బు కరిగిపోయింది. అన్నకి చెప్పలా నేను. చెబితే ఎత్తుకోడు, ఆ రోజు పని పోద్దని చెప్పలా."

మొదటి మూడు మళ్ళ పక్కన చుక్క ఎందుకు లేదో ల్యాబమ్మకి ఇప్పుడర్థమైంది.

"సీసా నువ్వే పెట్టావా?" అంది మెల్లగా.

వాడు తలూపాడు. కత్తెరమ్మ చేతిలో మగ్గు ఆగిపోయింది.

"సారు పెట్టమన్నాడు. ట్యాంకు కారి పోయాడంటే నువ్వే చంపినట్టురా, జైలుకి పోతావు, మీ వదినకి దిక్కెవరన్నాడు. తాగాడంటే ఎవరి మీదా రాదన్నాడు." వాడు వెక్కుతూ ఆమె కాలు పట్టుకున్నాడు. "పదింబావుకి చూశాం వదినా మేం. పదీ నలభైకి కాదు. అన్నకి అప్పటికి ఊపిరుంది. నన్ను చూశాడు. పెట్టె తెద్దాం సార్ అన్నా. కాసేపు ఆగరా అన్నాడు. ఆగాం. ఇద్దరం నిలబడి ఆగాం."

పంపు ఒక్కటే కారుతోంది. ల్యాబమ్మ తల తిప్పింది. పది అడుగుల దూరంలో బొంగరం పెట్టెతో నిలబడి ఉన్నాడు. తాళంచెవి చేతిలో ఉంది. చివరి మాట దాకా విన్నాడని మొహమే చెబుతోంది. ఆ ఇరవై అయిదు నిమిషాలూ కళ్ళారా చూసిన మనిషి, అతను కాక, ఈ భూమ్మీద ఇంకొక్కడే ఉన్నాడు. వాడిప్పుడు కళ్ళు తేలేస్తున్నాడు.

"పెట్టె, తాళంచెవి ఇటివ్వు నాయనా" అంది ల్యాబమ్మ, చెయ్యి చాపి. "నేను రాసిన అబద్ధం ఇందాకే కొట్టేసుకున్నా. నీకూ ఇంకా టైముంది. ఇటివ్వు."

బొంగరం పెదవులు కదిలాయి. ఒక అడుగు వెనక్కి వేశాడు. ఇంకో అడుగు. తరవాత పెట్టెను గుండెలకు హత్తుకుని గేటు వైపు పరుగందుకున్నాడు.

అరవయ్యొకటో ఏట ల్యాబమ్మ చెప్పులు వదిలేసి అతని వెనక పరుగెత్తింది. వెనక నుంచి మగ్గుతో నీళ్ళు గుమ్మరిస్తున్న చప్పుడు మళ్ళీ మొదలైంది. దాంతో పాటు కత్తెరమ్మ గొంతు, కోపమో ఏడుపో తేలకుండా వినిపించింది.

"నిన్ను తరవాత చంపుతానురా చిన్నా. ముందు బతుకు. నా కూతురికి మీ అన్న తాగలేదని నువ్వే చెప్పాలి. కళ్ళు తెరువు!"